బోలుగోడ చప్పుడు

అక్షరాలు తప్పుగా పడితే మన్నించాలి. దీర్ఘాలు ఎక్కడ ఆపాలో నాకు ఇప్పటికీ సరిగ్గా తెలియదు, వత్తులు రాస్తూ రాస్తూ మరిచిపోతాను. అరవై రెండో ఏట పలక పట్టినదాన్ని. ఇది ఒక మధ్యాహ్నం గంటసేపు జరిగిన సంగతి, రాయడానికి మాత్రం వానాకాలమంతా పట్టింది. నేను, నేను అని రాయబోతే చెయ్యి సాగలేదు. ఎవరో కోడలి గురించి చెబుతున్నట్టు రాస్తే సాగింది. మీరూ అలాగే చదువుకోండి.

పళ్ళేన్ని గోడకు ఆనించి రెండు అరచేతులతో అదిమి పట్టాక గాని కోడలికి అర్థం కాలేదు, ఇక తను అక్కణ్ణించి కదలడానికి లేదని. మంచం తలాపి వైపు, అత్తగారి తలకు జానెడు ఎత్తున, గోడ మీద అరచేతి మేర రంగు ఉబ్బి ఉంది. పొద్దున చెమ్మ మరకలా కనిపించింది. మధ్యాహ్నానికి గోధుమరంగు తిరిగి, లోపల ఎవరో ఊపిరి తీసుకుంటున్నట్టు సన్నగా లేచి పడుతోంది. వేలితో నొక్కి చూద్దామని చెయ్యి చాపింది కూడా. వేలికీ గోడకూ మధ్య బియ్యపుగింజంత ఎడం ఉందేమో, అప్పుడు ముందుగదిలో ఫోను మోగింది. పురుగుల మందు కొట్టే అతను. పొద్దుట్నుంచి నాలుగుసార్లు చేస్తే ఎత్తనివాడు ఇప్పుడు తీరిగ్గా తనే చేశాడు. చప్పుడు ఎలా ఉందమ్మా అన్నాడు. నూనెలో తేమ పడితే చిటపటలాడినట్టు అంది. ఆగి ఆగి వస్తోందా, అదేపనిగానా? అదేపనిగానే. ఎలుకైతే గోడ మీద తడితే ఆగుతుంది, ఒకసారి మెల్లిగా తట్టి రండి అన్నాడు. తట్టింది. ఆగలేదు, పెరిగింది. ఈసారి చెయ్యి ఆనించి చూడండి, నొక్కొద్దు, ఊరికే ఆనించండి అన్నాడు. ఆనించింది. జ్వరం వచ్చిన పిల్ల నుదురులా ఉంది గోడ. ఆ మాటే చెప్పింది. బయటివైపు గోడకు కన్నం ఏమైనా ఉందా అన్నాడు. ఉండేది, కందిరీగలు రెండు మూడు తిరుగుతుంటే నిన్న పొద్దున నేనే సిమెంటు పెట్టి మూసేశాను అంది, కాస్త గొప్పగానే. 

“ఆ గదిలో ఎవరున్నారమ్మా?”

“మా అత్తగారు.”

“బయటికి తీసుకొచ్చెయ్యండి.”

“ఆవిడ లేవలేదు బాబూ. పక్షవాతం.”

తరువాత అతను చెప్పినవన్నీ గబగబా చెప్పాడు, ఆమె అన్నీ విన్నది, విన్నవి ఇప్పుడు పళ్ళెం వెనక ఒకదాని మీద ఒకటి పడి తిరుగుతున్నాయి. రెండు మూడు కావమ్మా, లోపల వేలల్లో ఉంటాయి. దారి మూస్తే చావవు, మెత్తగా ఉన్నచోట కొరుక్కుంటూ వస్తాయి. ఆ ఉబ్బినచోట ఇప్పుడు గోడ లేదు, రంగే ఉంది. కొట్టొద్దు, మందు చల్లొద్దు, చల్లితే అన్నీ ఇటే పడతాయి. గట్టి వస్తువేదైనా అడ్డం పెట్టండి. బయట కన్నం జోలికి పోవద్దు, తెరిచినవాళ్ళ మీదికే వస్తాయి. నేను ఊరికి ఇవతలి చివర ఉన్నాను, గంట పడుతుంది. గంట. వంటింటి గూట్లోంచి చేతికందిన స్టీలు పళ్ళెం తెచ్చి పెట్టింది. గోడ సమంగా లేదు, పళ్ళెం అంచు ఒకవైపు ఆనితే ఇంకోవైపు వెంట్రుకంత సందు. చెయ్యి వదిలితే జారుతుంది, ఊతం పెట్టడానికి కింద అత్తగారి తల తప్ప ఏమీ లేదు. చుట్టుపక్కల ఇళ్ళకు ఈ వేళప్పుడు తాళాలు. ఫోను ముందుగదిలో బల్ల మీద ఉండిపోయింది.

ఆ చప్పుడు ఇదివరకు చెవికి వినిపించేది. ఇప్పుడు చేతికి వినిపిస్తోంది. పళ్ళెంలోంచి అరచేతికి, అరచేతిలోంచి మణికట్టు ఎముకకు, అక్కణ్ణించి మోచేతికి, భుజానికి, చివరికి పళ్ళ చిగుళ్ళకు. నోరు మూసుకుంటే పళ్ళు జివ్వుమంటున్నాయి, తెరిస్తే దవడ వణుకుతోంది. వేలంటే ఎన్ని. ఒక గుప్పెడు బియ్యంలో ఎన్ని గింజలుంటాయి, వెయ్యి ఉంటాయా, అన్ని గింజలకూ రెక్కలు, అన్నింటికీ ముల్లు. పళ్ళెం అవతల రంగుపొర, పొర అవతల అవి, ఇవతల తను, తన మోచేతుల కింద అత్తగారి ముఖం. ఆ ముఖం వైపు చూడకూడదనుకుంటే కళ్ళు అక్కడికే పోతున్నాయి. కుడివైపు అంతా మామూలే, ఎడమవైపు చెంప జారిపోయి ఉంటుంది, ఆ కన్ను పూర్తిగా మూసుకోదు. నిద్రలో కూడా తెల్లగుడ్డు సన్నగా కనిపిస్తుంది. రోజూ తడిగుడ్డతో తుడిచేది తనే. ఆ కంటి మీద ఈగ వాలితే ఆవిడకు తెలియదు, తెలిసినా రెప్ప పడదు. ఈగ వాలితేనే తెలియదు. అంతవరకు వచ్చి ఆలోచన ఆగిపోతుంది, మళ్ళీ మొదటికి పోతుంది, పళ్ళెం, పొర, ముల్లు, కన్ను.

మూడు వారాల కిందట మొదట విన్నది ఆవిడే. ఏమే, వాడు గోడ రుద్దుతున్నాడే అంది మంచం మీంచి. వాడు అంటే కొడుకు, తాపీ మేస్త్రి, పోయి ఐదేళ్ళు. కోడలి చేతిలో జావ గిన్నె. చెయ్యి ఆగింది. గోడ చప్పుడుకు కాదు, అప్పటికి తనకు చప్పుడే వినబడలేదు. ఆ మాటకు. ఒళ్ళు పడిపోయినా బుర్ర పాదరసంలా పనిచేసే మనిషి, ఇక అదీ పోతోందనుకుంది. కాదనలేదు. కాదంటే ఏమవుతుందో. ఆ పూట గిన్నెడు జావ అడుగంటా తాగింది ఆవిడ. మర్నాడు మళ్ళీ అదే మాట, మళ్ళీ గిన్నె ఖాళీ. నాలుగో రోజుకు తనకూ వినిపించింది, నిజంగానే తాపీతో ఎండిన గోడ గీకినట్టు గరగర, సన్నగా, దూరంగా.  కూతురికి ఫోను చేస్తే ఎలుక అయ్యుంటుందమ్మా, బోను పెట్టు అంది. వేరే ఊళ్ళో ఉండి ఈ ఊరి ఎలుకను పట్టేసింది అది. బోను పెట్టింది. కొబ్బరిముక్క వారం రోజులు అలాగే ఎండిపోయింది, చీమలు తిన్నాయి. ఎలుక కాకపోతే మరేమిటని అడగవలసిన తల, అడగలేదు. మధ్యాహ్నం పనయ్యాక మంచం పక్కన పీట వేసుకుని తనూ వినేది. ఇద్దరూ మాట్లాడుకోకుండా గోడ వైపు చూస్తూ కూర్చునేవాళ్ళు. అంత దగ్గరగా నలభై ఏళ్ళలో ఎప్పుడు కూర్చున్నారు కనుక. ఆ పీట దగ్గరే, ఆ గోడ వెనకే, అవి గదుల మీద గదులు కట్టుకుంటూ ఉన్నాయి. 

ఆయన చేసిన గోడ. నిజానికి ఇది గోడకు తొడిగిన తొడుగు. అసలు గోడ రాతిది, పాతది, వానాకాలం ధారలు కారేది, అమ్మకు ఊపిరితిత్తుల్లోకి చెమ్మ దిగుతోందని నాలుగు వేళ్ళ ఎడంతో కర్రలు బిగించి, వాటి మీద బోర్డు కొట్టి, పల్చగా పూత పూసి రంగు వేశాడు. ఊళ్ళో వాళ్ళ గోడలన్నీ అద్దాల్లా తీర్చిన మనిషి ఇంటి గోడకు వచ్చేసరికి సాయంత్రాలు, చీకటి పడే వేళ, అలిసిపోయిన చెయ్యి. అందుకే ఎగుడుదిగుడు. ఈ పళ్ళెం ఆనకపోవడం అందుకే. ఆ వారంలోనే మంచం కాళ్ళు గచ్చులో పాతాడు. పక్షవాతం వచ్చిన కొత్తలో ఆవిడ కుడిచేత్తో గోడను నెట్టుకుని లేవబోతే మంచం జారి కింద పడింది. ఇక జారదులే అని నాలుగు కాళ్ళ కింద గచ్చు తవ్వి సిమెంటు పోశాడు. గోడ పక్కనే, వెచ్చగా ఉంటుందని. అమ్మ మీద ఉన్న ప్రేమంతా పోసి బిగించాడు మంచాన్ని, గునపం పెట్టినా కదలదు. మనిషిని దింపి లాగుదామంటే తన నడుము ఇప్పటికే రెండు ముక్కలు, దింపడానికైనా పళ్ళెం వదలాలి.

ముందుగదిలో ఫోను మోగింది. అతనే అయి ఉంటాడు. దారి తప్పాడేమో, సందు పేరు అడగడానికేమో, లేకపోతే రాలేనని చెప్పడానికేమో. పదిసార్లు మోగి ఆగింది. మళ్ళీ మొదలైంది. ఆ మోతకు గోడలో చప్పుడు హెచ్చింది, పళ్ళెం అంచు సందులోంచి సన్నగా ఒక పొడి రాలింది, పిండి లాంటిది, అత్తగారి దిండు మీద. రాలిన చోట కదులుతోందా? లేదు. పొడే. చూపు అక్కడే ఉంది. పొడి మళ్ళీ రాలింది.

“ఏమిటే అది, గోడకు పళ్ళెం పెట్టావు?” మెలకువగానే ఉంది ఆవిడ.

“చెమ్మ అత్తయ్యా.”

“చెమ్మకు పళ్ళెమా.”

 చెమట కనుబొమల మీంచి కంట్లోకి దిగి మండుతోంది, తుడుచుకోవడానికి చెయ్యి లేదు. బయట కన్నం. ఆ కన్నం ఎందుకుంది అసలు. నిన్న సిమెంటు కలుపుతుంటే ఎంత హుషారు, ఆయన తాపీ, ఆయన బొచ్చె, మేస్త్రి పెళ్ళాం ఆమాత్రం చేయలేదా అని తనలో తనే నవ్వుకుంది. ముందు గోనెగుడ్డ కుక్కింది, దాని మీద సిమెంటు అద్దింది. కన్నం చుట్టూ గీతలుంటే వాటి మీద కూడా నున్నగా లాగింది. ఆ గీతలు. కన్నం చుట్టూ అద్దిన పూత పచ్చిగా ఉండగా ఆయన మేకుతో గీసినవి. మేస్త్రీలకు అదొక అలవాటు, తరవాత పని మీద వచ్చే మేస్త్రీకి కబురు గోడ మీదే రాసి పెట్టడం, ఇక్కడ గొట్టం ఉంది, ఇక్కడ తవ్వకు అని. ఏమిటి గీస్తున్నావని అడిగింది ఆ రోజు. నీక్కాదులే, చదవొచ్చినవాళ్ళకి అని నవ్వాడు. ఎగతాళి కాదు, మామూలుగానే అన్నాడు, ఆ రోజుకి అది నిజమే. తొమ్మిదేళ్ళు బట్టలారేస్తూ ఆ గీతల పక్కనే తిరిగింది. వాటిని చూడటం అంటే గోడ మీద పగులును చూడటం. ఆయన పోయిన ఏడాదికి అత్తగారు పలక తెప్పించి కుడిచేత్తో దిద్దించింది, కొమ్ము ఇలా కాదే మొద్దూ, దీర్ఘానికి తోక ఉండాలి అని తిట్టి తిట్టి నేర్పింది. సబ్బు కాగితం చదివింది, కరెంటు బిల్లు చదివింది, పాఠం పుస్తకం చదివింది. గోడ మీద గీతలు మాత్రం గీతలుగానే ఉండిపోయాయి. అవి తను చదువు రాని రోజుల్లోవి. ఇప్పుడు కళ్ళు మూసుకుంటే కనిపిస్తున్నాయి, అచ్చం అలాగే, మేకు జారినచోట జారిన గీతతో సహా. మొదటిదానికి పక్కన కొమ్ము, ఆ కొమ్ముకు తోక. తోక ఉంటే దీర్ఘం. మూ. రెండోది పొట్ట దగ్గర మెలి తిరిగింది, పైన తలకట్టు. య. మూడోదానికి మళ్ళీ కొమ్ము, తోక లేదు. కు.

మూయకు.

పళ్ళెం మీద చేతులు ఒక్కసారి జారాయి, మళ్ళీ అదిమింది. ఆయన ఎంత స్పష్టంగా చెప్పి వెళ్ళాడు. మాట మీద తనే నున్నగా తాపీ లాగింది. చదువు రానప్పుడు చదవలేదంటే ఒక అర్థం ఉంది. నాలుగేళ్ళుగా చదువు వచ్చి. గాలి ఆడటానికి వదిలిన దారి అది, లోపల చెమ్మ నిలవకుండా, బోర్డు మెత్తబడకుండా. అందులోకి అవి రావడం ఆయన తప్పు కాదు, అవి వచ్చిన దారిన పోయేవి, ఈ గదిలోకి వచ్చే అవసరం వాటికి ఉండేది కాదు. తెచ్చింది తను. ఈ కంటి మీదికి, ఈ చెంప మీదికి, ఇటు తిప్పింది తను. పళ్ళెం వేడెక్కుతోంది. వేడెక్కుతోందా, తన చేతుల వేడా. అంచు దగ్గర రంగు ఒక గీతలా చిట్లింది. ఆ గీతలోంచి నల్లగా, దారప్పోగు లాంటిది ఒకటి బయటికి వచ్చి, అటూ ఇటూ ఊగి, లోపలికి పోయింది. మీసం. దాని మీసం.  గంటలో ఎంత అయింది. సగమైనా అయిందా. ఎండ ఇంకా కిటికీ రెండో ఊచ మీదే ఉంది.

ఇక దాచి లాభం లేదు. చెప్పేసింది. గోడలో కందిరీగలున్నాయని, నిన్న దారి మూసింది తనేనని, ఇటు తొలుచుకుని వస్తున్నాయని, మందు అతను వచ్చేదాకా ఈ పళ్ళెం ఆగుతుందో లేదో తెలియదని. కొడుకు గోడ మీద ఏం రాశాడో కూడా చెప్పింది. చెబుతుంటే ముక్కు కారి పెదవి మీదికి వచ్చింది. అది కూడా తుడుచుకోవడానికి చెయ్యి లేదు. అత్తగారు కప్పు వైపు చూస్తూ అంది.

“వాడు కాదని నాకు తెలీదా. వాడు ఇంతసేపు ఒకే గోడ రుద్దిన మొహమేనా. బీడీకని గంటకోసారి దిగేవాడు.”

“మరి రోజూ...”

“అలా అంటే నువ్వు వచ్చి కూర్చునేదానివి.”

ఆ మాట ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు కోడలికి. పెట్టుకోవడానికి తీరిక కూడా లేదు, చిట్లిన గీత ఇంకో వేలెడు పాకింది. నువ్వు పోయి ముందుగదిలో తలుపేసుకో, ఇద్దరం ఎందుకు అంది ఆవిడ, జావలో ఉప్పు తక్కువైందని చెప్పే గొంతుతో. ఆమె పోలేదు. ఇక్కడ ఉండి ప్రయోజనమూ లేదని మాత్రం తెలుస్తోంది. అవి వెతుకుతున్నది దారి. దారి ఒక్కటే ఉంది, దాన్ని తెరిచినవాళ్ళ మీదికి వస్తాయి. మూసిన చెయ్యే తెరవాలి. పళ్ళెం పట్టుకుని నిలబడటం ఎంత హాయో అప్పుడు తెలిసింది, ఇక్కడ వాటికీ తనకీ మధ్య ఏదో ఒకటి ఉంది, బయట ఏమీ ఉండదు.

“అత్తయ్యా. కుడిచెయ్యి పైకి వస్తుందా?”

వచ్చింది. దిండు మీంచి, తల మీంచి, వణుకుతూ పైకి లేచింది. పలక మీద అక్షరాలు దిద్దించిన చెయ్యి, నాలుగు వేళ్ళూ విప్పి పళ్ళెం మధ్యలో ఆనింది. కోడలు తన చెయ్యి ఒకటి తీసింది. ఆగింది. రెండోది తీసింది. పళ్ళెం కదల్లేదు. దుప్పటి లాగి ఆవిడ ముఖం మీద కప్పబోతే వద్దంది, ఊపిరాడదు, పద, మాటలతో పొద్దు పుచ్చకు అంది. తలగడ గుడ్డ తడిపి ఆ ఎడమ కంటి మీద మాత్రం వేసింది.

పెరట్లో ఎండ తెల్లగా ఉంది. ఏ చప్పుడూ లేదు, అదే భయం. గోడ అవతల వేలల్లో ఉన్నవి ఇవతల ఒక్కటీ కనిపించదు, కన్నం ఉన్నచోట బూడిదరంగు మచ్చ, దాని కింద గోనెగుడ్డ పీలిక ఒకటి సిమెంటులోంచి బయటికి వేలాడుతోంది. నిన్న కత్తిరిద్దామనుకుని బద్ధకించినది. దండెం తాడు విప్పింది. వేళ్ళు ముడి వేయడం మరిచిపోయాయి. పీలికకు తాడు చుట్టి ముడి వేస్తుంటే గోడకు చెవి ఆనినంత దగ్గరగా ఉంది, లోపల గరగర కాదు ఇప్పుడు, ఒకటే హోరు. ముడి పడింది. వెనక్కి వెనక్కి నడిచి నీళ్ళతొట్టి మూల తిరిగి, గోడ చాటున కూర్చుని, తాడు మణికట్టుకు చుట్టుకుని లాగింది. రాలేదు. కాలు తొట్టికి తన్నిపెట్టి మళ్ళీ లాగింది. మేస్త్రి పెళ్ళాం కలిపిన సిమెంటు, ఇసుక ఎక్కువ, పెచ్చుగా ఊడింది, గుడ్డతో సహా తాడు మీద పడింది.

ముందు ఏమీ లేదు. తరువాత కన్నంలోంచి పొగ వచ్చినట్టు వచ్చాయి. పొగకు చప్పుడు ఉండదు, దీనికి ఉంది. తల మోకాళ్ళ మధ్య పెట్టుకుంది. మెడ మీద ఒకటి, నిప్పురవ్వ. చెవి వెనక ఇంకొకటి. చేతి మీద మూడోది, అరవకుండా నాలుక కొరుక్కుంది. పరుగెత్తాలని ఒళ్ళంతా అంటోంది. కళ్ళు మూసుకుని ఒక్క చప్పుడు కోసం వింటోంది, లోపలి గదిలో గచ్చు మీద స్టీలు పళ్ళెం పడిన చప్పుడు. అది పడితే ఇవన్నీ వృథా. హోరు తల మీంచి పోతోంది, పోతోంది, ఎంతసేపో, పళ్ళెం పడిందా, పడలేదు, ఇప్పుడు పడుతుంది, ఇంకా పడలేదు. ఆవిడ చెయ్యి ఎంతసేపు ఆగుతుంది, గ్లాసు పట్టుకుంటేనే వణికే చెయ్యి. లేచింది. గోడ వెంట వంగి పరుగులాంటి నడకతో లోపలికి వచ్చి తలుపు వేసింది.

పళ్ళెం గోడ మీదే ఉంది. అత్తగారి చెయ్యి దాని మీదే ఉంది, నరాలు తాళ్ళలా లేచి. నోరు తెరుచుకుని ఊపిరి తీస్తోంది. కోడలు మంచం పట్టె మీద కూర్చుని తన రెండు చేతులూ ఆ చేతి పైన వేసి అదిమింది. పళ్ళెంలో హోరు పల్చబడుతోంది. ఇద్దరూ అది వింటూ ఉండిపోయారు.

మందు అతను వచ్చేసరికి ఎండ కిటికీ దిగిపోయింది. ముఖానికి వల టోపీ, చేతులకు తొడుగులు. ముందు పెరట్లోకి పోయి పొడి ఏదో కొట్టాడు. గదిలోకి వచ్చి పళ్ళెం చుట్టూ వెడల్పాటి టేపు నాలుగు వరసలు అంటించాడు. ఇక వదిలెయ్యండి మామ్మా, పడదు అన్నాడు. ఆవిడ వదల్లేదు. రెండోసారి చెప్పాడు.

“నువ్వెవరివయ్యా చెప్పడానికి,” అంది ఆవిడ. “నన్ను పట్టుకోమంది మా కోడలు. ఆవిడ చెబితే వదులుతా.”

అతను కోడలి వైపు చూశాడు. నలభై ఏళ్ళలో ఆ ఇంట్లో ఆమె ఆవిడకు ఒక్క పని చెప్పి ఎరగదు. వదిలెయ్యండి అత్తయ్యా, అయిపోయింది అంది. అన్నాక కూడా ఆ వేళ్ళు బిగుసుకుపోయి రాలేదు. ఒక్కొక్కటే, చిటికెనవేలు నుంచి మొదలుపెట్టి, ఆమే విప్పింది.

ఇట్లు,
మేస్త్రమ్మ అని పిలుస్తారు. వయసు అరవై ఆరు. ఉండటం ఆ ఇంట్లోనే, వెనక గదిలో, అత్తయ్య మంచం పక్కన.